సెలవు దొరకని సారథి

జంషెడ్‌పూర్‌లో మేము ఎరిగిన తెలుగు పిల్లలందరికీ ధ్యాన్‌చంద్ తెలుసు. ఈ గడ్డపైనే పుట్టిన జైపాల్ సింగ్ ముండా పేరెత్తితే మాత్రం తెల్లమొహం వేస్తారు.

రాంచీ ప్రాంతమున 1903లో జన్మించిన ఈ ఆదివాసీ యువకుడు ఆక్స్‌ఫర్డ్‌లో చదివి, ఐ.సి.ఎస్. శిక్షణలో ఉండగా 1928 ఆమ్‌స్టర్‌డామ్ ఒలింపిక్స్‌కు భారత హాకీ జట్టు నాయకుడయ్యారు. సెలవు కోరారు, దొరలు ఇవ్వలేదు. ఆయన వెళ్లనే వెళ్లారు! సెలవు చీటీ విలువ తెలిసిన మా వంటి ఉద్యోగులకు ఆ తెగువ ఎంతటిదో వేరే చెప్పనక్కరలేదు.

ఆయనది ఫుల్‌బ్యాక్ స్థానం. గోల్స్ కొట్టినవారి పేరు నిలుస్తుంది గాని, ఆపినవారిని ఎవరు లెక్కిస్తారు? జట్టు 29 గోల్స్ చేసింది, ఒక్కటీ ఇవ్వలేదు. ఆయన లేకుండానే తుది పోటీ జరిగి, స్వర్ణం వచ్చింది.

శిక్షణను మరొక ఏడాది పొడిగించగా, ఐ.సి.ఎస్.నే వదులుకున్నారు. 1939లో ఆదివాసీ మహాసభకు అధ్యక్షులై ప్రత్యేక జార్ఖండ్ కోరారు. అది ఏర్పడినది 2000లో. ఆయన 1970లోనే కన్నుమూశారు.