నాయనమ్మ లెక్క

లెక్కలంటే నాకు మొదటినుంచీ హడలే. సెలవుల్లో ఓ పాత లెక్క పట్టుకు కూర్చున్నాను. సుమారు క్రీ.శ. 850లో మహావీరాచార్యులు సంస్కృతంలో రాసిన గణితసారసంగ్రహంలోది. 9 దబ్బపళ్ళు, 7 వెలగపళ్ళు కలిసి 107. 7 దబ్బపళ్ళు, 9 వెలగపళ్ళు కలిసి 101. ఒక్కోటీ ఎంత? ఎక్స్, వై అనుకుని, హెచ్చవేసి, తీసివేతలో గుర్తు తప్పాను.

సంతలో పళ్ళమ్మే నాయనమ్మ వింది.

"రెండు బేరాలూ కలుపు నాయనా. పదహారేసి పళ్ళు, రెండొందల ఎనిమిది. జత పదమూడు. ఇప్పుడు తేడా చూడు. రెండు వెలగలకి బదులు రెండు దబ్బలు తీసుకుంటే ఆరెక్కువైంది. అంటే దబ్బకి మూడెక్కువ. దబ్బ ఎనిమిది, వెలగ అయిదు!"

స్నేహితులొస్తే, వేలిముద్ర మనిషని ఆమెను లోపలికి పంపేవాణ్ణి. ఆ సాయంత్రం నుంచి "మా నాయనమ్మ" అని నేనే ముందు చెబుతున్నాను.