ఆదివారం అబిడ్స్‌లో.. కేటగిరీల్లేని పుస్తకాలు!

వారంలో ఆరు రోజులు అబిడ్స్ అంటే బట్టల షాపులు, చెప్పుల షాపులు, హారన్ల మోత. ఆదివారం మాత్రం సీన్ మారిపోతుంది. చాలా షాపులకు సెలవు. దించేసిన షట్టర్ల ముందు ఫుట్‌పాత్ మీద పట్టాలు పరిచి, వాటి మీద పాత పుస్తకాలు పేరుస్తారు. జీపీవో సర్కిల్ నుంచి ఏ వైపు నడిచినా తల వంచుకునే నడవాలి. ఫోన్ చూస్తూ కాదండోయ్, పుస్తకాలు చూస్తూ!

ఆరో నిజాం మహబూబ్ అలీఖాన్ దగ్గర పనిచేసిన ఆల్బర్ట్ అబిద్ ఇక్కడ ఒక దుకాణం పెట్టాడు. అదే ఈ ఏరియా పేరైంది. ఆ దుకాణం ఇప్పుడు లేదు. దుకాణం పేరు మాత్రం ఊరి నోట్లో మిగిలిపోయింది.

నేను చేసేది సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. నా పనిలో ఎక్కువ భాగం వస్తువులకు ట్యాగులు తగిలించే కోడ్ రాయడమే. ఏ వస్తువు ఏ కేటగిరీదో తేలితే, దాన్ని ఎవరికి చూపించాలో కూడా తేలిపోతుంది. క్రికెట్ పుస్తకం కొన్నవాళ్లకు ఇంకో క్రికెట్ పుస్తకం, నవల కొన్నవాళ్లకు ఇంకో నవల. లెక్క సింపుల్. అబిడ్స్ ఫుట్‌పాత్ మీద ఆ లెక్క పనిచేయదు. గేట్ గైడు పక్కన యండమూరి నవల, దాని కింద జావా టెక్స్ట్‌బుక్, ఆ పక్కనే అట్ట ఊడిన చందమామ. ఎవరి ఇల్లు ఖాళీ అయితే వాళ్ల అలమారా అలాగే వచ్చి పట్టా మీద పడుతుంది.

మొన్న ఒకే కుప్పలో నాకు మూడు పుస్తకాలు దొరికాయి. సునీల్ గావస్కర్ ఆత్మకథ ‘సన్నీ డేస్’, వట్టికోట ఆళ్వారుస్వామి నవల ‘ప్రజల మనిషి’, సురవరం ప్రతాపరెడ్డి ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’. ఆట, కథ, చరిత్ర. ఏ యాప్ కూడా ఈ మూడింటినీ ఒకే వరుసలో చూపించదు. ‘‘ఎంతన్నా?’’ అంటే ‘‘మూడు కలిపి మూడొందలియ్యి’’ అన్నాడు. రెండొందల యాభైకి ఒప్పుకున్నాడు.

పుస్తకాలు బ్యాగులో వేసుకుని ఎల్బీ స్టేడియం వైపు నడిచాను. అబిడ్స్ నుంచి పెద్ద దూరమేం కాదు. దీని పాత పేరు ఫతే మైదాన్. ఫతే అంటే విజయం. 1955 నవంబర్‌లో న్యూజిలాండ్‌తో ఇక్కడ జరిగిన టెస్టులో పాలీ ఉమ్రిగర్ 223 పరుగులు చేశాడు. టెస్టుల్లో భారత ఆటగాడి తొలి డబుల్ సెంచరీ అది. గావస్కర్ పుస్తకం 1976లో వచ్చింది. 1971లో వెస్టిండీస్‌లో ఆడిన మొదటి సిరీస్‌లోనే ఆయన నాలుగు టెస్టుల్లో 774 పరుగులు చేశాడు. అదే ఏడాది ఇంగ్లండ్‌లో ఓవల్ టెస్టు గెలిచినప్పుడు విజయపు బౌండరీ కొట్టింది సయ్యద్ అబిద్ అలీ. పక్కా హైదరాబాదీ! ముంబై ఆటగాడి పుస్తకం కొంటే అందులోనూ మన ఊరు తగిలింది.

అక్కడి నుంచి వెనక్కి తిరిగి కోఠి వైపు వెళ్తే సుల్తాన్ బజార్‌లో శ్రీకృష్ణదేవరాయ ఆంధ్ర భాషా నిలయం ఉంది. 1901 సెప్టెంబర్ 1న మొదలైన లైబ్రరీ. నిజాం రాజ్యంలో సర్కారు పనంతా ఉర్దూలో నడిచే రోజుల్లో కొమర్రాజు లక్ష్మణరావు, రావిచెట్టు రంగారావు లాంటివాళ్లు తెలుగు పుస్తకాలకు ఒక ఇల్లు ఉండాలని పెట్టారు. 1938లో ఆళ్వారుస్వామి ‘దేశోద్ధారక గ్రంథమాల’ మొదలుపెట్టారు. అచ్చేయించిన పుస్తకాలను స్వయంగా మోసుకెళ్లి అమ్మారని చెబుతారు. నిజాం కాలం నాటి తెలంగాణ పల్లెను ‘ప్రజల మనిషి’లో ఆయన మన కళ్ల ముందు పెడతారు. దొర గడీ, వెట్టి చాకిరీ.. పరీక్ష కోసం పాయింట్లుగా బట్టీ పట్టిన మాటలు నవల్లో మనుషులై కనిపిస్తాయి. కథే కదా అనుకుని చదవడం మొదలుపెడతాం, చరిత్ర చదువుతున్నామని మధ్యలో తెలుస్తుంది.

ఇక అసలు సంగతి సురవరం పుస్తకంలో ఉంది. ఇది రాజుల చరిత్ర కాదు. జనం ఏం తిన్నారు, ఏం కట్టుకున్నారు, ఏ పండుగలు చేసుకున్నారు, ఏ ఆటలు ఆడారు.. అదీ ఇందులోని చరిత్ర. మరి ఆధారాలు ఎక్కడివి? శాసనాలొక్కటే చాలవు కాబట్టి ఆయన పాత కావ్యాల్లో వెతికారు. కవి కథ మధ్యలో మామూలుగా చెప్పుకుపోయిన వంటకం, పందెం, పిల్లల ఆట పేరు ఏరి పెట్టుకున్నారు. సాహిత్య అకాడమీ తెలుగుకు ఇచ్చిన మొదటి అవార్డు, 1955లో, ఈ పుస్తకానికే.

దీనికి ఏ ట్యాగు తగిలించాలి? హిస్టరీ అందామా? సమాచారమంతా కవిత్వంలోంచి వచ్చింది. సాహిత్యం అందామా? లోపల కోడిపందేలున్నాయి. కేటగిరీలు మనం వెతుక్కోవడానికి పెట్టుకున్నవి. జీవితం మాత్రం వాటి ప్రకారం నడవదు. ఫుట్‌పాత్ మీద కుప్ప గందరగోళంగా కనిపిస్తుంది కానీ, నిజానికి అదే ఒక ఇంటి లెక్క. అదే ఇంట్లో ఒకరు స్కోరు విన్నారు, ఒకరు నవల చదివారు, ఒకరు పరీక్షకు కూర్చున్నారు.

సురవరం పుస్తకం మొదటి పేజీలో ఇంకు పెన్నుతో ‘చెల్లికి, పెళ్లినాటి కానుక’ అని రాసుంది. కింద 1978. పెళ్లికి ఈ పుస్తకం ఇచ్చిన అన్నయ్య ఎవరో, అది ఇక్కడికి ఎలా వచ్చిందో! అమ్మే అన్నను అడిగితే చెప్పాడు: ‘‘పెద్దోళ్లు పోతరు. పిల్లలు బయటి దేశాల్ల ఉంటరు, తెలుగు చదవరాదు. ఇల్లు అమ్మేటప్పుడు మాకు ఫోన్ చేస్తరు. ఇంగ్లిష్ నవలలు పోతయ్. తెలుగుయి తెలిసినోళ్లు వస్తేనే పోతయ్. మిగిలినయ్ కాంటాకే.’’

కాంటా అంటే తూకం. తూకంలో అన్నీ ఒకే కేటగిరీ, పాత కాగితం. పుస్తకాలను భుజాన మోసి జనానికి చేర్చిన ఊళ్లోనే ఇదీ జరుగుతోంది. రీప్రింట్ అయ్యే పుస్తకానికి పెద్ద ప్రమాదం లేదు. మళ్లీ అచ్చు కాని పుస్తకం సంగతేంటి? ఆదివారం సాయంత్రంలోపు ఎవరో ఒకరు వంగి దాన్ని తీసుకోవాలి. లేకపోతే అంతే.

వెళ్లాలనుకుంటే చిన్న చిట్కాలు. నాంపల్లి మెట్రోలో దిగి నడవొచ్చు. ఎండ ముదరకముందే వెళ్లండి, వాన పడితే పట్టాలు ఎత్తేస్తారు. చిల్లర దగ్గర ఉంచుకోండి. కొనే ముందు చివరి పేజీలున్నాయో లేదో చూడండి. డిటెక్టివ్ నవలైతే మరీ ముఖ్యం! మెరిసిపోయే కొత్త బెస్ట్ సెల్లర్ మరీ చవగ్గా ఇస్తుంటే అది పైరసీ కాపీ కావచ్చు, వదిలేయండి. బేరమాడండి, కానీ పది రూపాయల కోసం గొడవొద్దు.

మీకు ఇష్టమైన రకం ఒకటి కొనుక్కోండి. ఎప్పుడూ ముట్టుకోని రకం ఇంకోటి. మూడోది మాత్రం తెలుగుది తీసుకోండి, అట్ట చిరిగినా సరే.