ఆ ఆరు వారాలే అడ్డొచ్చాయి!

చిట్యాల దాటిందంటే నల్లగొండ బస్సులో కునికే వాళ్లంతా లేచి సంచులు సర్దుకుంటారు. విజయవాడ హైవేని నార్కట్‌పల్లిలో వదిలేసి కుడివైపు తిరిగితే దారి తీరే మారిపోతుంది. ఓ పక్క బత్తాయి తోటలు, ఇంకో పక్క ఎవరో పేర్చి పెట్టినట్టు బండరాళ్ల గుట్టలు. చెర్వుగట్టు జడల రామలింగేశ్వరుడికి బస్సులోంచే ఓ దణ్ణం. కాసేపట్లో కాపురాల గుట్ట, లతీఫ్ సాహెబ్ గుట్ట కనిపిస్తాయి. వాటి నీడలో ఊరు.

నల్లగొండ వెళ్లినవాళ్లు పానగల్లు పచ్చల సోమేశ్వరాలయం చూస్తారు, ఉదయసముద్రం గట్టున కూర్చుంటారు. కానీ ఈ ఊరి పేరు దేశంలోని లా పుస్తకాల్లోకి ఎక్కింది గుడి వల్లో, చెరువు వల్లో కాదు. పన్నెండు ఉరిశిక్షల వల్ల!

1948 సెప్టెంబరులో పోలీసు చర్యతో నిజాం పాలన ముగిసింది. సాయుధ పోరాటంలో పట్టుబడ్డ వారిని విచారించడానికి మిలిటరీ గవర్నర్ ప్రత్యేక ట్రిబ్యునళ్లు పెట్టారు. 1949 ఆగస్టులో అవి హత్యానేరాల కింద వరుసగా ఉరిశిక్షలు వేశాయి. హైదరాబాద్ హైకోర్టుకు వెళ్తే డిసెంబరు 12, 13, 14 తేదీల్లో అప్పీళ్లు కొట్టేసింది.

ఇక సుప్రీంకోర్టే దిక్కు. కథలో అసలు ముడి అక్కడే పడింది. రాజ్యాంగం అమల్లోకి వచ్చింది 1950 జనవరి 26న. హైకోర్టు తీర్పులు అంతకు ఆరు వారాల ముందువి. ఆ రోజుల్లో హైదరాబాద్ హైకోర్టు భారత భూభాగంలోని కోర్టు కిందికి రాదు కాబట్టి, ఆ తీర్పుల మీద అప్పీలు వినే అధికారం తమకు లేదని 1950 డిసెంబరు 14న సుప్రీంకోర్టు తేల్చేసింది. అదే హైకోర్టు సంక్రాంతి దాటాక, ఫిబ్రవరిలో తీర్పు చెప్పి ఉంటే? క్యాలెండరు మీద ఓ కాగితం తేడా... పన్నెండు ప్రాణాల తేడా!

ఉరి దగ్గరపడుతుండగా న్యాయవాది డానియల్ లతీఫీ సుప్రీంకోర్టు నుంచి స్టే తెచ్చారు. బ్రిటన్ నుంచి బారిస్టర్ డి.ఎన్.ప్రిట్ వచ్చారు. తర్వాత కెన్యాలో జోమో కెన్యాట్టా తరఫున వాదించిందీ ఈయనే. నిందితులకు వకీలును పెట్టుకునే అవకాశమే దక్కలేదన్నది ఈసారి ప్రధాన వాదన. ఉరిశిక్ష పడే కేసైనా సరే, వకీలు లేనంత మాత్రాన విచారణ చెల్లదని అనలేమంది కోర్టు. 1951 మార్చి 16న ఆ పిటిషన్లూ పోయాయి.

అయినా ఉరి పడలేదు. శిక్షలు యావజ్జీవంగా మారాయి. 1952 ఎన్నికల్లో నల్లగొండ జనం పోరాట నాయకుడు రావి నారాయణరెడ్డికి నెహ్రూను మించిన ఓట్లు వేసి పార్లమెంటుకు పంపారు.

జైలు గోడల వెనక ఏం జరుగుతోందో వెళ్లి చూడటానికి ఐర్లండ్‌లో హైకోర్టు జడ్జిగా పనిచేసిన డెర్మాట్ కిన్లెన్‌ను 2002లో జైళ్ల ఇన్‌స్పెక్టర్‌గా నియమించారు. 2007లో చనిపోయే దాకా ఆయన అదే పనిలో ఉన్నారు. మన దగ్గర అలాంటి పదవి లేదుగానీ, మాజీ ప్రధాన న్యాయమూర్తి ఆర్.సి.లహోటి 2013లో జైళ్ల దుస్థితిపై రాసిన ఓ ఉత్తరాన్నే సుప్రీంకోర్టు పిటిషన్‌గా తీసుకుంది. ఆ కేసులోనే 2015లో, జిల్లా జడ్జి అధ్యక్షతన విచారణ ఖైదీల కమిటీలు మూడు నెలలకోసారి కూర్చోవాలని ఆదేశించింది. బెయిలు వచ్చినా పూచీకత్తు కట్టలేక లోపలే ఉండిపోయిన వాళ్లెవరో చూడటం వాటి పని.

1951లో కోర్టు కాదన్న వకీలు మాట ఎన్నాళ్లకు నెగ్గిందంటే... ఉచిత న్యాయ సహాయం 1976లో రాజ్యాంగంలోకి వచ్చింది. న్యాయసేవల చట్టం 1987లో తయారై, 1995లోగానీ అమలు కాలేదు. ఇప్పుడు జైల్లో ఉన్న మనిషికి ఆస్తి ఉందా లేదా అని అడగరు. జిల్లా న్యాయసేవాధికార సంస్థకు ఓ దరఖాస్తు పెడితే వకీలును ఇస్తారు. ఫీజు కట్టక్కర్లేదు. దరఖాస్తు ఇంటివాళ్లు పెట్టినా సరిపోతుంది.