చేతులు మాత్రమే కనిపిస్తే

లూబిచ్ తీసిన 'ది మ్యారేజ్ సర్కిల్' (1924) మొదటిసారి ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని చూశాను. మూకీ సినిమాకి ఇయర్‌ఫోన్స్ దేనికంటే, సోఫాలో ఆ చివర కూర్చున్న మా ఆయనతో మాట్లాడకుండా ఉండటానికి.

లోథార్ ష్మిట్ రాసిన జర్మన్ నాటకం ఈ సినిమాకి ఆధారం. నాటకానికి ప్రాణం మాటలే కదా, అవి తీసేస్తే ఏం మిగులుతుంది? వియన్నాలో ఓ ఉదయం. ప్రొఫెసర్ స్టాక్ వేసుకోబోయే సాక్సుకి చిల్లు. ఆయన సొరుగులో బట్టలు అంతంతమాత్రం, భార్య మిజ్జీ సొరుగు నిండా మేజోళ్లు. ఆ పెళ్లి ఎలా నడుస్తోందో మనకి తెలిసిపోతుంది.

డాక్టర్ బ్రౌన్, షార్లెట్‌లది అన్యోన్యమైన జంట. వాళ్ల బ్రేక్‌ఫాస్ట్ సీన్లో మనకి కనిపించేవి గుడ్డు, కాఫీ కప్పు, రెండు జతల చేతులు. కాసేపటికి చేతులు పని మానేసి ఫ్రేమ్‌లోంచి మాయమవుతాయి. ముద్దు పెట్టుకుంటున్నారని ఎవరూ చెప్పక్కర్లేదు.

క్లినిక్ సీన్లోనూ చేతులే. బ్రౌన్ మెడ చుట్టూ ఒకావిడ చేతులు వేసి ఉంటుంది. గుమ్మంలోంచి చూసిన పార్ట్‌నర్ ముల్లర్, షార్లెట్ అనుకుని నవ్వుకుంటాడు. బయటికొస్తే షార్లెట్ ఎదురుగా ఉంటుంది! దాంతో బ్రౌన్‌కి ఎఫైర్ ఉందని తేల్చేసుకుంటాడు. నిజానికి మిజ్జీ మీద పడుతుంటే బ్రౌన్ తప్పించుకోలేక ఛస్తున్నాడు. అక్కడ మనం చేతులు చూసి సరిగ్గా ఊహించాం, ఇక్కడ ముల్లరూ అదే చేసి బోల్తాపడ్డాడు.

అక్కడే సినిమా ఆపేశాను. పది రోజులుగా మా ఆయన బాల్కనీలోకి వెళ్లి తలుపు వేసుకుని గొంతు తగ్గించి ఫోన్ మాట్లాడుతున్నాడు. అద్దంలోంచి కనిపించేది వీపు మాత్రమే. ఆ వీపుని చూసి నేను మొత్తం కథ అల్లేశాను, ఆ అమ్మాయి ఎవరో కూడా ఖాయం చేసేశాను.

ఇయర్‌ఫోన్స్ తీసి అడిగాను. "రెండు నెలలైంది జీతం రాక. తమ్ముణ్ణి అప్పు అడుగుతున్నా," అన్నాడు.

మిగతా సినిమా ఇద్దరం కలిసి చూశాం. షార్లెట్ ఇంకెవరో అమ్మాయిని అనుమానించి, ఆమె బారిన పడకుండా మా ఆయన్ని చూసుకోవే అని మిజ్జీనే బతిమాలుతుంది. దానికి ఇద్దరం పడీ పడీ నవ్వాం. నాకెందుకు చెప్పలేదని మాత్రం ఆ రాత్రి అడగలేకపోయాను.