బస్సు ఆగిన చప్పుడు

రాత్రివేళ న్యూయార్క్ సెంట్రల్ పార్కును ఆనుకున్న దారిలో ఒకామె ఒంటరిగా నడుస్తూ ఉంటుంది. పక్కన రాతిగోడ. దూరదూరంగా దీపాలు. ఒక దీపం వెలుగు దాటితే చీకటి, ఆ చీకటి దాటితే మళ్లీ వెలుగు. వెనకాల ఇంకో ఆడమనిషి చెప్పుల మడమలు టకటకమంటూ వస్తుంటాయి. ఉన్నట్టుండి ఆ టకటక ఆగిపోతుంది. ముందు నడిచే ఆమె తిరిగి చూస్తుంది. ఎవరూ లేరు. నడక జోరందుకుంటుంది, పరుగవుతుంది. అప్పుడు తెర పక్కనుంచి ఒక్కపెట్టున బుస్సుమని చప్పుడు. చిరుతపులే మీదికి దూకిందనుకుంటాం. తీరా చూస్తే సిటీ బస్సు. బ్రేకు వేసి ఆమె ముందు ఆగింది.

1942లో వచ్చిన ‘క్యాట్ పీపుల్’లోది ఈ దృశ్యం. ఇంట్లో అందరూ పడుకున్నాక, చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకుని చూశాను. అయిపోయాక మంచినీళ్ల కోసం వంటింట్లోకి వెళ్లడానికి కాసేపు కాళ్లు రాలేదు. దర్శకుడు జాక్ టూర్నర్, కూర్పు మార్క్ రాబ్సన్. ఇద్దరూ గొప్పగా పనిచేశారు. కానీ ఆ ఇద్దరినీ ఒక గదిలో కూర్చోబెట్టి, కథ మొదలుకొని చివరి మాట దాకా తన చేత్తో సవరించిన మనిషి నిర్మాత వాల్ లూటన్. ఆ రాత్రి నుంచి ఆయన నన్ను వదల్లేదు.

నిర్మాత అంటే మనకు డబ్బు గుర్తొస్తుంది. లూటన్ చేతిలో సొంత డబ్బు లేదు. నల్లసముద్రం ఒడ్డున యాల్టాలో 1904లో పుట్టి, తల్లి వెంట చిన్నప్పుడే అమెరికా చేరినవాడు. అక్కడ రంగస్థలంలో, మూగసినిమాల్లో వెలిగిన అల్లా నజిమోవా ఆయనకు పిన్ని. లూటన్ బతుకుతెరువు మాత్రం రాత. నవలలు రాశాడు, స్టూడియో ప్రచార విభాగంలో పనిచేశాడు, ఆ తర్వాత ఏళ్ల తరబడి డేవిడ్ సెల్జ్నిక్ దగ్గర కథల ఎడిటర్. ‘గాన్ విత్ ద విండ్’ తీసిన సెల్జ్నిక్ భారీతనానికి పెట్టింది పేరు. ఆ భారీతనం పక్కన అన్నేళ్లు కూర్చున్న మనిషి, తన వంతు వచ్చేసరికి ఒక నీడతో, ఒక చప్పుడుతో సరిపెట్టుకోవడం చూస్తే నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.

1942లో ఆర్‌కేఓ స్టూడియో ఆయన్ను పిలిచి భయానక చిత్రాల విభాగం అప్పజెప్పింది. ఆర్సన్ వెల్స్ చిత్రాల మీద నష్టపోయి ఉన్న రోజులవి. షరతులు మూడు. ఖర్చు లక్షన్నర డాలర్లు దాటకూడదు. నిడివి డెబ్బై అయిదు నిమిషాలు దాటకూడదు. సినిమా పేరు ఆఫీసువాళ్లే పెడతారు. ముందు పేరు వస్తుంది, దానికి తగ్గట్టు కథ అల్లుకోవాలి. అలా వచ్చిన మొదటి పేరే ‘క్యాట్ పీపుల్’. పిల్లులంటే లూటన్‌కు చచ్చేంత భయమట. ఆ భయం లేకపోతే ఈ సినిమా ఇలా ఉండేది కాదని నా నమ్మకం.

భయపడే మనిషికి భయం సంగతి బాగా తెలుస్తుంది. చిన్నప్పుడు పెరటి చివరికి రాత్రిపూట ఒక్కళ్లమే వెళ్లాల్సొస్తే, అక్కడ ఏదో ఉందని ఎవరూ చెప్పక్కర్లేదు. బావి గిలక కిర్రుమంటే చాలు. లూటన్ నమ్ముకున్నది సరిగ్గా దీన్నే. ముఖానికి మైనం, కోరలు అతికించి వేషం కట్టించే డబ్బు ఆయన దగ్గర లేదు. ఉన్నా కట్టించేవాడు కాదు. ఈతకొలనులో ఒక్కతే ఈదుతున్న అమ్మాయి చుట్టూ, గోడల మీద నీటి వెలుగులు కదులుతాయి, ఎక్కడో గుర్రుమంటుంది. అంతే. చిరుతను చూపించాల్సిందేనని స్టూడియో పట్టుబడితే, ఒక గదిలో చూపీ చూపనట్టు నీడల్లో కలిపేశారు. కథలోని మెట్లదారి వెల్స్ సినిమా కోసం కట్టిన పాత సెట్. సినిమా జనానికి నచ్చింది, డబ్బులొచ్చాయి. హఠాత్తుగా ఉలికిపడేలా చేసి, తీరా ఏమీ కాదని తేల్చే ఎత్తుగడను సినిమావాళ్లు ఇప్పటికీ ‘లూటన్ బస్సు’ అనే అంటారు.

తర్వాత వచ్చిన పేరు ‘ఐ వాక్డ్ విత్ ఎ జాంబీ’. ఆ పేరుకు ఆయన ‘జేన్ ఐర్’ నవల ఛాయలను వెస్టిండీస్ దీవిలోకి తీసుకెళ్లి, బానిసత్వపు గాయం ఇంకా పచ్చిగా ఉన్న ఒక ఇంటి కథ చేశాడు. నన్ను ఎక్కువగా కలచివేసింది మాత్రం 1943 నాటి ‘ద లెపర్డ్ మాన్’. పిండి కొనుక్కురమ్మని తల్లి కూతుర్ని రాత్రిపూట పంపుతుంది. పిల్ల వెళ్లనని మొరాయిస్తే, బయటికి తోసి తలుపు గడియ వేస్తుంది. తిరిగొస్తూ పిల్ల పరుగెత్తుకొచ్చి తలుపు బాదుతుంది, తెరవమని ఏడుస్తుంది. సాకులు చెబుతోందనుకుంటుంది తల్లి. అరుపులో తేడా వినిపించాక కంగారుగా గడియ లాగితే అది రాదు. తలుపు కిందినుంచి నెత్తురు లోపలికి పాకుతుంది. మనం బయట ఏం జరిగిందో ఒక్క క్షణం కూడా చూడం. మనం చూసేది గడియ మీద తల్లి చెయ్యి. విసుగులో ఒక మాట అని పిల్లల్ని పంపని తల్లిదండ్రులెవరు?

నాలుగేళ్లలో అలాంటివి తొమ్మిది. రాబ్సన్‌ను, రాబర్ట్ వైజ్‌ను కూర్పు బల్ల దగ్గర్నుంచి లేపి దర్శకుల్ని చేశాడు. ఆ వైజే తర్వాత ‘ద సౌండ్ ఆఫ్ మ్యూజిక్’ తీశాడు. అన్ని స్క్రిప్టుల చివరి ప్రతీ లూటన్‌దే. పేరు వేసుకున్నది రెండింటికే, అదీ కార్లోస్ కీత్ అనే మారుపేరుతో. మిగతావాటిలో ఆయన రాత ఎక్కడ మొదలైందో ఎక్కడ ఆగిందో ప్రేక్షకుడికి తెలిసే దారి లేదు. వాటిలో ‘ద ఘోస్ట్ షిప్’ను కథాచౌర్యం దావా ఓడి ఉపసంహరించుకోవాల్సొచ్చింది. దాదాపు అర్ధ శతాబ్దం అది జనం కంటబడలేదు.

యుద్ధం ముగిశాక ఆయనకు కలిసిరాలేదు. స్టూడియోలు మారాడు, మూడే సినిమాలు పూర్తిచేశాడు. గుండె అప్పటికే దెబ్బతింది. 1951 మార్చి 14న, నలభై ఆరేళ్లకే పోయాడు. అంతగా అరిగిపోయేలా పనిచేయకపోతే ఇంకో ఇరవయ్యేళ్లు ఉండేవాడేమోనని ఊరుకోలేక అనుకుంటూ ఉంటాను.

చివరిది ‘అపాచీ డ్రమ్స్’. రంగుల వెస్టర్న్, ఆయన అలవాట్లకు దూరమైన సరుకు. ఎడారి, గుర్రాలు, పట్టపగటి ఎండ. కానీ చివరికొచ్చేసరికి ఊరి జనమంతా ఒక చర్చిలో చిక్కుకుపోతారు. తలుపులు బిగించేస్తారు. ఎత్తయిన గోడలు, పైన ఎక్కడో కిటికీలు. బయట శత్రువులు ఎంతమందో, ఎక్కడున్నారో లోపలివాళ్లకు తెలియదు, మనకూ తెలియదు. డప్పులు మోగుతూ ఉంటాయి. మోగినంతసేపూ భయం ఒక రకం, అవి ఆగిపోగానే ఇంకో రకం. లోపలి పిల్లలూ పెద్దలూ తలలెత్తి ఆ కిటికీల వంక చూస్తుంటారు.