దెయ్యం పేరు పెట్టుకున్న ఊరు

దెయ్యాల సినిమా సెకండ్ షో చూసి, ఇంటిదాకా వెనక్కి తిరక్కుండా నడిచిన వీరుల్లో నేనూ ఒకణ్ణి. అలాంటివాణ్ణి కోరి కోరి ఓ దెయ్యం పేరున్న ఊరికే వెళ్లాను!

ఇండోనేషియాలో, పశ్చిమ కాలిమంతాన్‌లో, కపువాస్ నది ఒడ్డున ఉంది పొంటియానాక్. కాన్పులో పోయిన ఆడది పొంటియానాక్ అవుతుందని అక్కడి నమ్మకం. జావాలో దాన్నే కుంటిలానాక్ అంటారు. తెల్ల బట్టలు, విరబోసిన జుట్టు... అచ్చం మన సినిమా దెయ్యం యూనిఫారమే! కాకపోతే వచ్చేముందు దేవగన్నేరు పూల వాసన వేస్తుందట. మెడ వెనక మేకు దిగ్గొడితే మాత్రం అందమైన మామూలు ఆడదైపోయి బుద్ధిగా కాపురం చేస్తుందట. (ఈ మేకు ముక్క కల్పించింది ఎవరో మొగుడే అయ్యుంటాడని నా అనుమానం.)

1771లో అబ్దుర్‌రహ్మాన్ అల్‌కద్రీ ఇలాంటి దెయ్యాల్ని ఫిరంగులు పేల్చి తరిమి, ఈ ఊరు కట్టాడని చెప్పుకుంటారు. దెయ్యాల సంగతేమో గాని పేరు మాత్రం పోలేదు.

ఇక వెండితెర మీద ఆ దెయ్యాలకి మహారాణి సుజన్నా. పెద్ద పెద్ద కళ్లతో ఆవిడ చూస్తే చాలు, మేకప్ దండగ! 1981లో వచ్చిన 'సుందెల్ బోలోంగ్'లో ఆవిడది వీపులో రంధ్రమున్న దెయ్యం. కథానాయిక ఆలిసా పాత బతుకు మరిచి, ఓడ కెప్టెన్ని పెళ్లాడుతుంది. దుర్మార్గులు చెరుస్తారు. ప్రాణం పోగొట్టుకుంటుంది. ఆ తర్వాత ఒక్కొక్కడి పని పడుతుంది. ఏమాటకామాటే, నేను పూర్తిగా దెయ్యం పార్టీయే! సుజన్నా 2008లో కన్నుమూసింది. 2018లో లూనా మాయా అచ్చం ఆవిడలా తయారై నటించిన సినిమాని 30 లక్షల మందికి పైగా చూశారు.

ఈ కబుర్లన్నీ నేను దిగిన ఇంటి పెద్దావిడకి హుషారుగా చెప్పాను. ఆవిడ నవ్వలేదు.

"నేనా సినిమాలు చూడను బాబూ," అంది వచ్చీరాని ఇంగ్లీషులో. "మా అక్క కాన్పులోనే పోయింది. పడవలో ఆస్పత్రికి తీసుకెళ్తుంటే, దారిలోనే."

నాకు మాట పడిపోయింది.

ఆ రాత్రి గాలికి దేవగన్నేరు వాసన గుప్పున కొట్టింది. పెరట్లో చెట్టుందని తెలుసు. అయినా లేచి గబగబా కిటికీ మూసేశాను.

తెల్లారి చూద్దును గదా, పక్కగదిలో పెద్దావిడ కిటికీ బార్లా తెరిచి ఉంది.