నీళ్ళ వంతు

పిల్లలూ!

నేను ముప్పై నాలుగేళ్ళు బడిలో పాఠాలు చెప్పాను. అందులో చివరి తొమ్మిదేళ్ళు ప్రధానోపాధ్యాయుణ్ణి. "అడగకుండా ఒకరి వస్తువు ముట్టుకోరాదు" అని ప్రార్థన వేళ ఎన్నిసార్లు చెప్పి ఉంటానో లెక్క లేదు. అలాటి నేను, ఉద్యోగం చాలించుకుని ఇంట్లో కూర్చున్నాక, ఒక దొంగతనం చేశాను. నేను దొంగిలించినది డబ్బూ కాదు, బంగారమూ కాదు. నీళ్ళు! ఆ కథే మీకిప్పుడు చెబుతాను.

2023 జూన్ నెలలో మా ఆవిడా, నేనూ లదాఖ్ చూడబోయాం. లదాఖ్ మన దేశానికి ఉత్తరాన కొసన, హిమాలయాలకు ఆవలి వైపున ఉన్నది. 2019 నుంచీ అది కేంద్రపాలిత ప్రాంతం. దాని ముఖ్యపట్టణం లేహ్, సముద్రమట్టానికి సుమారు 3,500 మీటర్ల ఎత్తున ఉన్నది. అక్కడి గాలి చాలా పలచన. విమానం దిగి నాలుగు అడుగులు వేసేసరికి, చెరువు గట్టు చుట్టూ పరిగెత్తినట్టు ఆయాసం వచ్చింది. పై ఊళ్ళ నుంచి వచ్చినవాళ్ళు మొదటి రెండు రోజులూ కదలకుండా పడుకోవాలని డాక్టరు ముందే చెప్పాడు. మేం బుద్ధిగా ఆ మాట విన్నాం.

మీరు సైన్సులో చదివే ఉంటారు: గాలి ఒత్తిడి తగ్గితే నీళ్ళు తక్కువ వేడికే మరుగుతాయి. మన ఊళ్ళో 100 డిగ్రీల దగ్గర మరిగే నీళ్ళు అక్కడ సుమారు 88 డిగ్రీలకే తెర్లిపోతాయి. నీళ్ళు కుతకుతమంటూ ఉంటాయిగాని, పప్పు మాత్రం ఎంతకీ ఉడకదు! ప్రెషర్ కుక్కరు మూతపెట్టి ఒత్తిడి పెంచితేగాని పని జరగదు. ఇన్నేళ్ళూ నల్లబల్లమీద రాసిన సంగతి ఆనాడు గిన్నెలో కళ్ళారా చూశాను.

మూడో రోజున మేం ఒక రైతు ఇంట బస చేయబోయాం. సింధునది దిగువకు పోతే లికిర్ అనే పేరుగల బౌద్ధమఠం ఉన్నది. ఆ మఠానికి నడిచిపోగలిగినంత దూరంలో చిన్న ఊరు. ఇరవై గడపలకన్న ఎక్కువ లేవు. లదాఖ్‌లో చాలామంది రైతులు ఇప్పుడు తమ ఇంట్లో ఒక గది యాత్రికులకు ఇస్తారు. అతిథి వాళ్ళతోపాటే వంటింట్లో కూర్చుని, వాళ్ళు తినేదే తినాలి.

ఆ ఇంట్లో తాత, మామ్మ, కోడలు, పదేళ్ళ మనవరాలు ఉన్నారు. కొడుకు ఉద్యోగరీత్యా లేహ్‌లో ఉంటాడు. అక్కడ తాతను "మెమెలే" అంటారు, మామ్మను "అబిలే" అంటారు. చివరనున్న "లే" మన "గారు" లాటిది. ఇక "జూలే" అనే మాట ఒకటి నేర్చుకుంటే చాలు. నమస్కారానికీ అదే, కృతజ్ఞతకూ అదే, సెలవు తీసుకోవటానికీ అదే!

పొద్దున్నే అబిలే వెన్నా, ఉప్పూ వేసి చిలికిన టీ ఇచ్చేది. టీ అనుకుని తాగితే మింగుడు పడదు. చారు అనుకుని తాగితే హాయిగా దిగుతుంది. దానితో ఖంబీర్ అనే దళసరి రొట్టె. వేయించిన బార్లీపిండిని టీలో కలిపి ముద్దచేసుకుని తినటం కూడా నేర్చుకున్నాం. ఆ ఇంట ఏ వస్తువూ వృథాగా పోదు. చేలో పీకిన కలుపు పశువులకు మేత; పశువుల పేడ ఎండబెడితే పొయ్యిలోకి వంటచెరుకు. మరుగుదొడ్డిలో నీళ్ళకు బదులు మట్టి చల్లుతారు. అదంతా మాగి, ఏడాది తిరిగేసరికి చేనికి ఎరువవుతుంది.

అన్నిటికన్న అపురూపమైనవి నీళ్ళు. మన వానలు తెచ్చే మేఘాలను హిమాలయాలు అడ్డగిస్తాయి. కొండ దాటేలోపలే అవి కురిసిపోతాయి. అందుచేత లేహ్‌లో ఏడాది పొడుగునా కలిపి కురిసేది సుమారు 100 మిల్లీమీటర్లే. మన కోస్తా జిల్లాలలో ఒక్క శ్రావణమాసంలో అంతకన్న ఎక్కువే కురుస్తుంది. మరి పంటలెట్లా? కొండకొమ్ములమీది మంచు కరిగి వాగు అవుతుంది. ఆ వాగునుంచి సన్నని కాలువలు తీసి, మళ్ళుమళ్ళుగా దిద్దిన పొలాలకు నీళ్ళు పెడతారు. కాలువను వాళ్ళు "యూరా" అంటారు. రాత్రి పారే నీళ్ళను "జింగ్" అనే కుంటలో నిలవచేసి తెల్లవారి వదులుతారు. మే, జూన్ నెలల్లో పైరు చిన్నది, దాహం పెద్దది. మంచు ఇంకా పూర్తిగా కరగదు. అదే గడ్డుకాలం.

మాకు అక్కడ మూడో రోజు. మెమెలే పశువుల వెంట కొండకు పోయాడు. నేను ఒంటరిగా బార్లీచేల గట్టున షికారు చేస్తున్నాను. మా వాళ్ళ మడి ఎండి, పగుళ్ళిచ్చి ఉన్నది. పక్కనే కాలువలో నీళ్ళు గలగలా పోతున్నాయి! చూద్దును గదా, మడవకు ఒక రాయి, రెండు గడ్డి పెళ్ళలు అడ్డం పెట్టి ఉన్నాయి. "పాపం, ముసలాయన మరిచిపోయాడు కాబోలు," అనుకున్నాను. నేను రైతుబిడ్డను. నాకు తెలియని పనా ఇది? రాయి తీశాను, పెళ్ళలు తీసి కాలువకు అడ్డం వేశాను. నీళ్ళు మడిలోకి ఉరికాయి. మెమెలే వచ్చి ఎంత సంతోషిస్తాడోనని, గట్టుమీద కూర్చుని మురిసిపోతున్నాను.

అరగంట గడిచింది. దిగువనుంచి ఒకావిడ చేతిలో పారతో, కాలువ వెంట ఎగువకు చూసుకుంటూ వచ్చింది. తడిసిన మడిని చూసింది, బురదగా ఉన్న నా చేతులు చూసింది. కేకలు వెయ్యలేదు. "జూలే" అని మాత్రం అన్నది. ఇంతలో మనవరాలు పరిగెత్తుకు వచ్చి, తనకు వచ్చిన హిందీలో, "తాతా, ఈవేళ మన వంతు కాదు! ఆమెది. మనది రేపు!" అన్నది.

నా మొహం చూడాలి మీరు! ఆ పిల్ల చకచకా మడవ కట్టేసింది. కాని జరిగిన నష్టం జరిగిపోయింది. ఆ నీళ్ళైనా మాకు ఉపయోగపడినాయా? అదీ లేదు. బోదెలు సరిచెయ్యని మడి కావటంచేత నీళ్ళన్నీ ఒక మూలకు పోయి మడుగు కట్టాయి.

ఆ ఊళ్ళో నీళ్ళు పంచటానికి "చూర్‌పోన్" అనే పెద్ద ఉంటాడు. మన రాయలసీమలో చెరువు నీళ్ళు పంచే నీరుగంటి, తెలంగాణలో నీరటి ఉండేవారే, అలాటివాడన్నమాట. సాయంత్రం మెమెలే నన్ను వెంటపెట్టుకుని ముందు ఆవిడ ఇంటికి, తరవాత చూర్‌పోన్ ఇంటికి పోయాడు. "ఇతను మా అతిథి. మా అతిథి చేసింది మేం చేసినట్టే. రేపు మా వంతులోనుంచి ఆమె నీళ్ళు ఆమెకు ఇచ్చేస్తాను," అన్నాడు. అరగంటకు బదులు గంట ఇస్తానన్నాడు! నాకు తల కొట్టేసినట్టయింది. డబ్బు ఇస్తానని నోటిదాకా వచ్చింది, కాని ఆ మాట అనలేకపోయాను. డబ్బు పోస్తే కాలువలో నీళ్ళు పారతాయా?

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. మా నాన్న గుర్తుకు వచ్చాడు. కృష్ణ కాలువ చిట్టచివర మాకు రెండెకరాలుండేవి. నాట్లవేళ మా నాన్న లాంతరు పుచ్చుకుని రాత్రిళ్ళు గట్టున కాపు కూర్చునేవాడు. ఎగువవాళ్ళు చాటుగా గండి కొట్టుకుంటే, తెల్లవారేసరికి మా కాలువలో బురద మాత్రం మిగిలేది. ఒక ఏడు మా నారుమడి నిలువునా ఎండిపోయింది. "పైవాడికి కిందివాడు కనపడడురా," అని మా నాన్న అన్నమాట నాకిప్పటికీ చెవిలో ఉన్నది. అలాటివాడి కొడుకునైన నేను, ఇంతదూరం వచ్చి, కిందివాళ్ళ నీళ్ళకు అడ్డుకట్ట వేశాను!

తెల్లవారి నేనే పార అడిగి తీసుకుని ఆవిడ చేనికి పోయాను. గంటసేపు ఆవిడ చెప్పినట్టు బోదెలు సరిచేశాను. ప్రతి పది నిమిషాలకూ ఆగి ఆయాసం తీర్చుకోవలసి వచ్చిందనుకోండి. ఆవిడ నవ్వి నాకు మజ్జిగ ఇచ్చింది.

ఆ మధ్యాహ్నం లికిర్ మఠానికి పోయాం. ఆ మఠం 11వ శతాబ్దంలో పుట్టిందని అక్కడివారు చెబుతారు. గుట్టమీద తెల్లని గోడలు. ఆరుబయట బంగారురంగులో సుమారు 23 మీటర్ల ఎత్తున, రాబోయే బుద్ధుడని చెప్పే మైత్రేయుడి విగ్రహం. దారిలో "ఛోర్‌టెన్‌లు" ఉన్నాయి. అవి మన స్తూపాలే. వాటిని కుడిచేతి వైపున ఉంచుకుని నడవాలి. మనం గుడికి ప్రదక్షిణం చేసేదీ అట్లాగే గదా!

ఒక వృద్ధభిక్షువు, "ఏ ఊరు?" అని హిందీలో అడిగాడు. మా జిల్లా పేరు చెబితే ఆయనకు తెలియలేదు. "కృష్ణానది ఒడ్డున, అమరావతి దగ్గర," అన్నాను. ఆయన కళ్ళు మెరిశాయి. "ధాన్యకటకం!" అంటూ రెండు చేతులూ జోడించాడు. బుద్ధుడు కాలచక్రాన్ని ధాన్యకటకంలోనే ఉపదేశించాడని టిబెటను బౌద్ధుల నమ్మకం. 2006 జనవరిలో అమరావతిలో దలైలామా కాలచక్ర ఉత్సవం జరిపినప్పుడు తానూ వచ్చానని ఆయన చెప్పాడు. ధాన్యకటకాన్ని టిబెటను భాషలో "డ్రెపుంగ్" అంటారట, అంటే ధాన్యపు రాశి. లాసా దగ్గర 1416లో కట్టిన గొప్ప మఠానికి ఆ పేరే పెట్టారు. మన ఊరి పేరు అంతదూరం పోయి, అంత భక్తిగా నిలిచి ఉంటే, ఆ పక్కనే ముప్పై నాలుగేళ్ళు చరిత్ర చెప్పిన నాకు ఆ సంగతి తెలియదు!

ఆయన చిరునవ్వుతో, "నిన్న మడవ విప్పింది మీరేనా?" అన్నాడు. చూశారా, నాకన్న ముందు నా కీర్తి గుట్ట ఎక్కింది! "నేనే," అన్నాను, తల వంచుకుని. ఆయన నీతులేమీ చెప్పలేదు. "మళ్ళీ మూశారా?" అని మాత్రం అడిగాడు.

"ఆ పాప మూసింది. నేను ఈవేళ పార పట్టాను," అన్నాను.

"మంచిది," అని ఆయన లోపలికి తీసుకుపోయి టీ ఇప్పించాడు.

ఇప్పుడు లదాఖ్‌లో చాలా హిమానీనదాలు కుంచించుకుపోతున్నాయి. భూమి వేడెక్కటమే దీనికి ముఖ్యకారణం. అందుకే అక్కడివాళ్ళు చలికాలపు నీళ్ళను దాచే ఉపాయాలు కనిపెట్టారు. చేవాంగ్ నోర్ఫెల్ అనే ఇంజనీరు, శీతకాలంలో వృథాగా పోయే వాగునీటికి అడ్డుకట్టలు వేసి మంచుగా గడ్డకట్టించాడు. ఆయనకు 2015లో పద్మశ్రీ ఇచ్చారు. 2013లో సోనం వాంగ్‌చుక్, ఆయన విద్యార్థులు గొట్టంగుండా నీటిని పైకి చిమ్మించి మంచును స్తూపంలాగా పేర్చటం మొదలుపెట్టారు. స్తూపాకారమే ఎందుకు? అదే మంచును నేలమీద పలచగా పరిస్తే ఎండ తగిలే చోటు ఎక్కువ. కుప్పగా పోస్తే తక్కువ. అందుచేత అది మెల్లిగా కరిగి, నీళ్ళు కరువైన రోజులకు అందుతుంది.

మేం తిరిగివచ్చే రోజున మెమెలే చేను చూశాను. పైరంతా ఆకుపచ్చగా ఉన్నది. పై కొసన మాత్రం ఒక చారిక పాలిపోయి ఉన్నది. వాళ్ళ వంతులో గంట తగ్గినందువల్ల నీళ్ళు అందని భాగం అది. మళ్ళీ వంతు వచ్చేదాకా అది అట్లా ఉండవలసిందే. మెమెలే దానిని గురించి ఒక్కమాటైనా అనలేదు. నా భుజం తట్టి, "జూలే" అన్నాడు.

పిల్లలూ, ఒకరికి మేలు చెయ్యాలనే బుద్ధి మంచిదే. కాని మేలు చేసే ముందు ఒక్కమాట అడగటం ఇంకా మంచిది. మీ ఇంటికి వచ్చే నీళ్ళు ఏ చెరువువి, ఏ కాలువవి? మీకు దిగువన ఆ నీళ్ళకోసం ఎవరు ఎదురుచూస్తున్నారు? ఈ రాత్రి మీ నాన్నగారినీ, అమ్మగారినీ అడగండి. వాళ్ళకూ తెలియకపోతే, ఆదివారంనాడు అందరూ కలిసి కాలువ వెంట నడిచి చూసి రండి.